ఖాళీ చేయమనే హక్కు ఎంతవరకు? బెంగళూరు అద్దె ఇళ్లపై ఒక సమీక్ష

కర్ణాటక అద్దె చట్టాన్ని దాదాపు నిర్జీవం చేసింది అందులోని ఒక అంకె: 3,500. బెంగళూరు వంటి పెద్ద ఊళ్లలో నెల అద్దె 3,500 రూపాయలు దాటిన ఇంటికి ఆ చట్టం వర్తించదు. మిగతా ఊళ్లలో ఈ గీత 2,000 దగ్గరే ఉంది. 1999 నాటి ఈ చట్టం 2001 డిసెంబరు 31న అమల్లోకి వచ్చింది. అప్పట్లో ఆ డబ్బుకు ఓ మాదిరి కుటుంబం సర్దుకునే ఇల్లు దొరికేది. ఇప్పుడు మారతహళ్లిలోనో బీటీఎం లేఅవుట్‌లోనో పీజీలో ఒక మంచానికే అంతకు రెట్టింపు అడుగుతున్నారు. ఎందుకు ఖాళీ చేయమంటున్నావని ఓనరును నిలదీసే చట్టం పుస్తకంలో భద్రంగానే ఉంది. అది కాపాడాల్సిన ఇళ్లు మాత్రం దాని చెయ్యి దాటిపోయాయి.

మరి బెంగళూరులో ఓనరుకు అడ్డే లేదా అంటే, ఉంది. కారణం చెప్పనక్కర్లేకపోయినా, అద్దెదారును తన చేతులతో తాను బయటికి పంపే అధికారం మాత్రం అతనికి లేదు. నోటీసు ఇవ్వాలి, గడువు ఆగాలి, కోర్టుకు వెళ్లాలి, డిక్రీ తెచ్చుకోవాలి, చివరికి కోర్టు అమీను వచ్చి స్వాధీనం ఇప్పించాలి. కాగితం మీద ఇది చాలా గట్టి రక్షణే. ఆ దారి పొడుగు తెలిసిన ఓనర్లు మొదటిరోజే పది నెలల అడ్వాన్సు చేతిలో పెట్టించుకుని చట్టంతో పని లేకుండా చేసుకున్నారు. బెంగళూరు అద్దె వ్యవహారంలో అసలు న్యాయస్థానం ఆ అడ్వాన్సేనన్నది ఈ వ్యాసం వాదన. అక్కడికి చేరే ముందు చట్టం నడిచి వచ్చిన దారి చూడాలి.

మన దేశంలో అద్దె నియంత్రణ యుద్ధాల బిడ్డ. మొదటి ప్రపంచయుద్ధం కాలంలో 1918లో బొంబాయిలో మొదలైంది. తర్వాత కర్ణాటకగా మారిన మైసూరు రాష్ట్రంలో 1951లో ఒక చట్టం, దాని స్థానంలో 1961లో ఇంకా విస్తృతమైన మరొకటి వచ్చాయి. ఈ 1961 చట్టంలో ఇల్లు ఖాళీ అయితే ఓనరు ఆ సంగతి అద్దెల కంట్రోలరుకు తెలియజేయాలి, ఎవరికివ్వాలో కంట్రోలరు చెప్పవచ్చు. ఇప్పటి పాఠకుడికి ఇది వింతగా తోచవచ్చు. ఇక 21వ సెక్షను అద్దెదారుకు కోటగోడ. అద్దె బాకీ, అనుమతి లేకుండా మరొకరికి బాడుగకివ్వడం, ఓనరుకు నిజంగా అవసరం పడటం, పడగొట్టి కట్టుకోవడం వంటి కారణాల్లో ఏదో ఒకటి రుజువైతేనే ఖాళీ. ఓనరుకు ఇల్లు అవసరమని తేలినా అంతటితో సరిపోదు. ఖాళీ చేయిస్తే ఎవరికి ఎక్కువ కష్టమని కోర్టు తూకం వేసేది.

ఆ తూకం తరచూ ఎటు మొగ్గేదో చిక్కపేట దుకాణాలనూ మల్లేశ్వరం పాత ఇళ్లనూ ఎరిగినవాళ్లకు చెప్పనక్కర్లేదు. తాతల నాటి అద్దెలు మనవళ్ల కాలానికీ నడిచాయి. అద్దెకిస్తే ఇల్లు పోయినట్టేనన్న భయంతో కొందరు ఇళ్లకు తాళం వేసి ఉంచుకున్నారు. అద్దెలను పాతకాలపు అంకెల దగ్గరే గడ్డకట్టించే నిబంధన ఒకప్పుడు సబబైనదే అయినా కాలం గడిచేకొద్దీ అసమంజసం అవుతుందని బొంబాయి చట్టం గురించి సుప్రీంకోర్టు మల్పే విశ్వనాథ ఆచార్య కేసులో అన్నది ఈ నేపథ్యంలోనే. అప్పటికే, 1992లో, కేంద్రం ఒక నమూనా చట్టాన్ని రాష్ట్రాలకు పంపింది. దాని ఒరవడిలో ఢిల్లీకోసం 1995లో చేసిన చట్టం రాష్ట్రపతి ఆమోదం పొంది కూడా అమల్లోకి రానేలేదు. కర్ణాటక మాత్రం ఆ ఒరవడిని చట్టంగా చేసి అమలూ చేసింది. అదే 1999 చట్టం.

ఈ చట్టంలో 27వ సెక్షను ఖాళీకి కారణాలను వరుసగా చెబుతుంది. అద్దె బాకీ పడ్డ అద్దెదారుకు నోటీసు అందాక రెండు నెలల వ్యవధి ఉంటుంది. ఆలోగా కట్టేస్తే ఆ కారణం మీద ఖాళీ చేయించలేరు. కానీ ఓనరు సొంత అవసరం దగ్గర పాత తూకం తలకిందులైంది. నాకో, నా మీద ఆధారపడ్డ కుటుంబసభ్యులకో ఇల్లు కావాలని ఓనరు ప్రమాణపత్రంతో చెబితే, అది నిజమేనని కోర్టు ముందుగా భావించాలి. కాదని రుజువు చేసే భారం అద్దెదారు నెత్తిన పడింది. ఓనరు వితంతువైనా, వికలాంగుడైనా, 65 ఏళ్లు దాటినవాడైనా వెంటనే స్వాధీనం కోరేందుకు వేరే సెక్షనే ఉంది. సైనికులకూ రిటైరైన ప్రభుత్వోద్యోగులకూ అలాంటి వెసులుబాట్లున్నాయి. అద్దెదారు చనిపోతే అతనితో కలిసి ఉంటున్న వారసులకు ఆ హక్కు అయిదేళ్లే నడుస్తుంది, తరతరాలూ కాదు. దుకాణాల్లో 14 చదరపు మీటర్లు మించని చిన్నకొట్లకే రక్షణ. అంటే గోళీసోడా అమ్మే బడ్డీకి ఉంటుంది, పక్కనే ఉన్న దర్శిని హోటలుకు ఉండదు.

3,500 గురించి ఒక సూక్ష్మం ఉంది, చాలామంది లాయర్లు కూడా మాటల్లో దాన్ని దాటేస్తారు. చట్టం చూసేది ఈ నెల కట్టే అద్దెను కాదు, చట్టం మొదలైన తేదీ నాటికి లెక్కగట్టిన అద్దెను. తర్వాత కట్టిన ఇల్లయితే షెడ్యూలులోని శాతాల ప్రకారం వెనక్కి తగ్గించి చూడాలి. అందుచేత ఇవాళ కాస్త ఎక్కువ అద్దె ఉన్న చిన్న ఇల్లు కూడా లెక్కలో గీత కిందికి రావచ్చు. ఈ వాదన ఎత్తితే నిలిచే ఇళ్లు కొన్ని ఉంటాయి. వైట్‌ఫీల్డ్‌లో ముప్ఫై వేలకు తీసుకున్న రెండు పడకగదుల ఫ్లాటుకు మాత్రం ఏ లెక్కా కలిసిరాదు.

ఇలా డబ్బుతో గీత గీయడం కర్ణాటక ఒక్కదాని ఆలోచన కాదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 1960 నాటి తన అద్దె చట్టానికి 2005లో చేసిన సవరణలో సరిగ్గా ఇవే అంకెలు పెట్టుకుంది: మున్సిపల్ కార్పొరేషన్లలో 3,500, మిగతాచోట్ల 2,000. అంటే హైదరాబాదు కథా ఇదే. మినహాయింపులను కోర్టులు అప్పుడప్పుడు కొట్టేసిన మాట నిజం. 1957 ఆగస్టు 26 తర్వాత కట్టిన భవనాలకు చట్టం వర్తించదన్న ఆంధ్ర నిబంధనను మోటార్ జనరల్ ట్రేడర్స్ కేసులో సుప్రీంకోర్టు 1983లో రద్దు చేసింది. ఎప్పుడో కొత్త కట్టడాలను ప్రోత్సహించడానికి ఇచ్చిన సెలవు పాతికేళ్ల తర్వాత కూడా ఎందుకని అడిగింది. తమిళనాడులో ఇళ్లకు పెట్టిన 400 రూపాయల గీత కూడా 1986లో పోయింది. కానీ ఢిల్లీకి పెట్టిన 3,500 గీతను అదే కోర్టు 1995లో సమర్థించింది. ఎక్కువ అద్దె కట్టగలవాడికి రక్షణ అక్కర్లేదనుకోవడం చట్టసభ విధానమని తేల్చింది. అప్పటి 3,500 కట్టేవాడు కలిగినవాడే. పాతికేళ్లకు ఆ మాట ఎంతవరకు నిలుస్తుందో మోటార్ జనరల్ ట్రేడర్స్ తీర్పు పక్కన పెట్టి చదివితే అర్థమవుతుంది. బెంగళూరులో ఎవరైనా అద్దెదారుల సంఘం ఈ వాదనతో హైకోర్టు మెట్లెక్కితే బాగుండును.

గీత పైన ఉన్నవాళ్లందరినీ పాలించేది 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం. దీని ప్రకారం నెలవారీ అద్దెను ముగించాలంటే 106వ సెక్షను కింద 15 రోజుల నోటీసు చాలు. అగ్రిమెంటులో వేరే గడువు రాసుకుంటే అదే చెల్లుతుంది. బెంగళూరులో రెండు నెలలని రాసుకోవడం వాడుక. అగ్రిమెంటు 11 నెలలకే ఎందుకు రాస్తారన్నది అందరూ అడిగే ప్రశ్న. ఏడాది మించిన లీజును రిజిస్టరు చేయాలి, స్టాంపు డ్యూటీ కూడా ఎక్కువ కట్టాలి. అది తప్పించుకోవడానికే పదకొండు. ఇందులో మర్మమేమీ లేదు. గడువు ముగిశాక కూడా ఓనరు అద్దె తీసుకుంటూ పోతే 116వ సెక్షను ప్రకారం అద్దె నెలవారీగా కొనసాగినట్టే, మళ్లీ నోటీసు ఇవ్వాల్సిందే. ఖాళీ నోటీసు ఇచ్చిన ఓనరుకు అద్దె ముట్టుకోవద్దని లాయరు చెప్పేది ఇందుకే. గూగుల్ పేలో దానంతటదే వచ్చి పడే అద్దె ఈ విషయంలో కొత్త తలనొప్పి. అద్దె కట్టని కారణంగా లీజు రద్దయిందని ఓనరు దావా వేస్తే, విచారణలో బాకీ, వడ్డీ, ఖర్చులు కట్టిన అద్దెదారును 114వ సెక్షను కింద కోర్టు నిలబెట్టవచ్చు. నిలబెట్టి తీరాలని మాత్రం లేదు. ఇల్లు మధ్యలో అమ్ముడుపోతే కొన్నవాడు పాత ఓనరు స్థానంలోకి వస్తాడు. అమ్మేశానని చెప్పినంత మాత్రాన అద్దెదారు లేచిపోనక్కర్లేదు.

ఇప్పుడు అసలైన హద్దు. అగ్రిమెంటు గడువు ముగిసినా, నోటీసు కాలం దాటినా, అద్దె బాకీ ఉన్నా సరే, ఓనరు తాళం మార్చకూడదు, సామాను వీధిలో పడేయకూడదు. నెమ్మదిగా స్థిరపడిన స్వాధీనంలో ఉన్నవాణ్ని, అతనికి ఉండే హక్కు లేదనుకున్నా, చట్టం ద్వారా తప్ప కదిలించరాదని సుప్రీంకోర్టు 1989లో కృష్ణారామ్ మహాలే కేసులో చెప్పింది. కర్ణాటక నుంచి వెళ్లిన ఒక స్థలం తగాదాలో 2003లో ఆ సూత్రాన్నే ఇంకా వివరంగా నిలబెట్టింది. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షను ఈ సూత్రానికి ఆయుధం. బలవంతంగా గెంటేసిన వ్యక్తి ఆరు నెలల్లో దావా వేస్తే, ఇల్లు ఎవరిదన్న చర్చలోకి పోకుండా స్వాధీనం తిరిగి ఇప్పిస్తారు. ఆ తీర్పుపై అప్పీలు కూడా లేదు. అద్దెదారు అనుమతి లేకుండా ఓనరు ఇంట్లో చొరబడితే భారతీయ న్యాయ సంహిత 329వ సెక్షను అతనికీ వర్తిస్తుంది. సొంత ఇంట్లో చొరబాటు ఏమిటని ఆశ్చర్యపోయే ఓనర్లు చాలామంది. చట్టం చూసేది పట్టా ఎవరి పేర ఉందని కాదు, స్వాధీనం ఎవరిదని. కరెంటు, నీళ్లు ఆపేయడం ఇంకో పద్ధతి. దానికి కూడా కోర్టు నుంచి ఇంజంక్షన్ తెచ్చుకోవచ్చు. అపార్ట్‌మెంటు అసోసియేషన్ ఫలానా నెలకల్లా బ్యాచిలర్లు ఖాళీ చేయాలని నోటీసు బోర్డులో పెట్టినా అది తీర్మానమే గాని డిక్రీ కాదు. అద్దెదారుకు ఒప్పందం ఓనరుతో, అసోసియేషన్‌తో కాదు.

పోలీసులకు ఇందులో పనిలేదు. సివిల్ వ్యవహారమని వాళ్లే చెబుతారు. ఓనరు వాళ్ల మనిషైతే మాత్రం ఆ మాట తరచూ మర్చిపోతారు.

బెంగళూరులో ఖాళీ దావాలు సాధారణంగా స్మాల్ కాజెస్ కోర్టుకు వెళ్తాయి. దావా, అప్పీలో రివిజనో, స్టే, ఆ తర్వాత అమలు పిటిషను. ఈలోపు అద్దెదారు పాత అద్దె కూడా కట్టకుండా కూర్చుంటే, ఆ అద్దె మీదే మందులు కొనుక్కునే రిటైర్డు దంపతుల గతేమిటి? బెంగళూరు ఓనర్లందరూ నాలుగంతస్తుల ఆసాములు కారు. పైన ఒక పోర్షను కట్టి బాడుగకిచ్చుకుని బతికే వృద్ధులు జయనగర్‌లోనూ బనశంకరిలోనూ ఎంతోమంది ఉన్నారు. వాళ్లకోసం సుప్రీంకోర్టు ఒక ఉపాయం చేసింది. 2004లో ఆత్మారామ్ ప్రాపర్టీస్ కేసులో, ఖాళీ డిక్రీపై స్టే కావాలంటే అద్దెదారు మార్కెట్ అద్దె చొప్పున కట్టాలని షరతు పెట్టవచ్చంది. అప్పటి నుంచి ఊరికే అప్పీలు వేసి కాలం గడిపేవాళ్ల జోరు కొంత తగ్గింది.

దారి ఇంత పొడుగు కావడం వల్లే అడ్వాన్సు వచ్చింది. పది నెలల అద్దె ముందే కట్టమనడం బెంగళూరుకు తరతరాల అలవాటు. ఇప్పుడు కొన్నిచోట్ల అయిదారు నెలలకు దిగింది. ముప్ఫై వేల అద్దెకు మూడు లక్షలు ఓనరు దగ్గర ఉంటే ఇక కోర్టు ఎందుకు? వచ్చే నెల మా అబ్బాయి వస్తున్నాడు, ఖాళీ చేయమ్మా అని మెత్తగా అంటే చాలు. కాదంటే ఆ మూడు లక్షలు ఎప్పుడొస్తాయో తెలియదు. కారణం అబద్ధమని తెలిసినా, రెండు వారాలకే అదే ఇంటికి అయిదు వేలు పెంచి టు-లెట్ పెట్టినా, అద్దెదారు నోరు మెదపడు. చివర్లో పెయింటింగుకు ఒక నెల అద్దె, శుభ్రానికి ఇంత, గోడకు మేకు కొట్టినందుకు ఇంత అని కోత. వాడకం వల్ల మామూలుగా జరిగే అరుగుదలకు అద్దెదారు బాధ్యుడు కాడని ఆస్తి బదిలీ చట్టం 108వ సెక్షను చెబుతూనే ఉంది. నష్టపరిహారం సమంజసంగా ఉండాలి తప్ప ఇష్టమొచ్చిన కోత కాకూడదని కాంట్రాక్టు చట్టం 74వ సెక్షనూ చెబుతోంది. ముప్ఫై వేల కోసం దావా వేసే ఉద్యోగి ఎవరు? ఆ లెక్క ఓనరుకూ బాగా తెలుసు. అద్దెదారులు కూడా తెలివి మీరారు. ఖాళీ చేసే ముందు చివరి నెలలు అద్దె ఆపేసి అడ్వాన్సులో సర్దుకోమంటారు. చట్టం లేనిచోట పుట్టిన ఎదురుచట్టమది.

అడ్వాన్సుకు అన్నలాంటిది లీజు, కన్నడంలో భోగ్య. పది, పదిహేను, ఇరవై లక్షలు ఒక్కసారిగా ఇస్తే నెల అద్దె లేకుండా రెండు మూడేళ్లు ఉండవచ్చు, పోయేటప్పుడు మొత్తం వాపసు. చట్టం దృష్టిలో ఇది అసలు స్వాధీన తనఖాకు దగ్గరి బంధువు. బాకీ తీర్చేదాకా ఇల్లు పట్టుకునే హక్కు ఉండాల్సింది. కానీ తనఖాగా చెల్లాలంటే రిజిస్ట్రేషను కావాలి. బెంగళూరులో చాలావరకు ఇవి స్టాంపు కాగితం మీద, నోటరీ ముద్రతో ముగుస్తాయి. ఈ సందులోకి మధ్యవర్తులు దూరారు. ఓనరు దగ్గర నెలవారీ అద్దెకు తీసుకుని, అదే ఇంటిని ఇంకొకరికి పెద్దమొత్తానికి లీజుకిస్తారు. కొన్నాళ్లు ఓనరుకు అద్దె కట్టి, ఒకరోజు మాయమవుతారు. ఓనరు అద్దె కోసం తలుపు తడతాడు, లోపలివాడు నా పదిహేను లక్షలు ఎవరిస్తారంటాడు. ఇద్దరిదీ నిజమే. రెండో ప్రమాదం బ్యాంకు. ఓనరు ఇంటిరుణం కట్టకపోతే బ్యాంకు 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద స్వాధీనానికి వస్తుంది. రుణానికి ముందునుంచే చెల్లుబాటయ్యే లీజు ఉన్నవాణ్ని కదిలించలేరని సుప్రీంకోర్టు 2014లో చెప్పింది. అదే తీర్పులో, రిజిస్టరు కాని లీజుతో ఏడాదికి మించి రక్షణ అడగడం కుదరదని కూడా తేల్చింది. మన లీజుదారుకు దెబ్బ తగిలేది సరిగ్గా ఇక్కడే.

దక్షిణ కొరియాలో దీనికి కవల ఉంది, జోన్సే అంటారు. అక్కడ 1981లోనే ఇంటి లీజు రక్షణకు చట్టం వచ్చింది. కాపురం మారినట్టు నమోదు చేసి, ఒప్పందం మీద ప్రభుత్వ తేదీముద్ర వేయించుకుంటే ఆ డిపాజిట్ తర్వాత వచ్చే అప్పులవాళ్లకంటే ముందు నిలుస్తుంది. కనీస గడువు రెండేళ్లు. 2020 నుంచి ఇంకో రెండేళ్లకు పొడిగింపు కోరవచ్చు. ఇంత ఉన్నా 2022, 23ల్లో పెద్ద మోసాలు బయటపడి ప్రత్యేక చట్టమే చేయాల్సి వచ్చింది. ఏ కట్టడీ లేని బెంగళూరు లీజు ఎంత పెళుసో దీన్నిబట్టి ఊహించుకోవచ్చు.

తెలుగు పిల్లలు ఎక్కువగా ఉండేది పీజీల్లో. కుందలహళ్లి, ఎలక్ట్రానిక్ సిటీ చుట్టుపక్కల వాటిని నడిపేవాళ్లలోనూ మనవాళ్లకు కొదవలేదు. పీజీ మనిషి సాధారణంగా అద్దెదారు కాడు, లైసెన్సుదారు. గది మీద అతనికి స్వాధీనం ఉండదు, ఉండనిచ్చే అనుమతి మాత్రమే. అనుమతి వెనక్కి తీసుకున్నా సామాను తీసుకుని వెళ్లడానికి తగిన సమయం ఇవ్వాలని 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం చెబుతుంది. రాత్రికి రాత్రి గేటు బయట నిలబెట్టడం అక్కడా తప్పే. కోవిడ్ లాక్‌డౌన్‌లో, 2020 మార్చి 29న కేంద్ర హోంశాఖ, వలస కూలీలనూ విద్యార్థులనూ ఖాళీ చేయమని ఒత్తిడి చేసే ఓనర్లపై విపత్తు నిర్వహణ చట్టం కింద చర్యలుంటాయని హెచ్చరించింది, కూలీల నుంచి నెల అద్దె అడగొద్దంది. దేశమంతటికీ ఒకేసారి ఖాళీలను ఆపమన్న ఆదేశం అంతకుముందు నాకు గుర్తులేదు. దాన్ని అమలు చేసే యంత్రాంగం మాత్రం ఎక్కడా కనపడలేదు.

2021 జూన్ 2న కేంద్ర మంత్రివర్గం ఆమోదించిన మోడల్ టెనెన్సీ చట్టం ఈ చిక్కుల్లో కొన్నింటిని సూటిగా పట్టుకుంది. ఇళ్లకు అడ్వాన్సు రెండు నెలలు మించకూడదు, ఇతర భవనాలకు ఆరు. ఒప్పందం రాతలోనే ఉండి రెంట్ అథారిటీకి తెలపాలి. ఓనరు ఇంట్లోకి రావాలంటే ఒకరోజు ముందు చెప్పాలి. నీళ్లు, కరెంటు ఆపకూడదు. తగాదాలకు వేరే రెంట్ కోర్టు, ట్రిబ్యునల్. గడువు దాటి కూర్చున్న అద్దెదారు మొదటి రెండు నెలలు రెట్టింపు, ఆ తర్వాత నాలుగింతలు అద్దె కట్టాలి. అద్దెల వ్యవహారం రాష్ట్రాల చేతిలోది కనుక ఇది నమూనా మాత్రమే. కర్ణాటక దాన్ని ఇంకా తనది చేసుకోలేదు. ఓనర్లకు వేగం, అద్దెదారులకు అడ్వాన్సు తగ్గింపు అన్న ఈ బేరం నాకు మొత్తం మీద నచ్చింది. అయితే ఇందులోనూ గడువు తీరాక కారణం అడిగేవాడు లేడు. 11 నెలలకొకసారి పిల్లల బడి మార్చాల్సిన కుటుంబానికి వేగంగా పనిచేసే కోర్టు వల్ల ఒరిగేదేమిటి?

కారణం అడగడం పాతకాలపు సోషలిజమని కొట్టిపారేసేవాళ్లు అమెరికా వెళ్లిన తమ బంధువులను అడిగి చూడాలి. ఎడిసన్, జెర్సీ సిటీల్లో తెలుగు కుటుంబాలు ఎన్నో ఉన్న న్యూజెర్సీలో, 1974 నుంచి చాలా ఇళ్లకు సరైన కారణం లేకుండా ఖాళీ చేయించడం కుదరదు. అడ్వాన్సు నెలన్నర అద్దె మించరాదు. కాలిఫోర్నియా 2020 జనవరి నుంచి, ఏడాది పైగా ఉన్న అద్దెదారులకు అలాంటి రక్షణే ఇచ్చింది. ఇంగ్లండులో కారణం చెప్పకుండా ఖాళీ చేయించే 21వ సెక్షనును 2025 చట్టం రద్దు చేసింది. చిత్రం ఏమిటంటే మన 1961 చట్టంలో అద్దెదారును కాపాడిన సెక్షను కూడా 21వదే. వాళ్లు కారణం వైపు నడుస్తుంటే మనం దాన్ని 3,500 దగ్గర వదిలేసి వచ్చాం. ఆ దేశాల్లో కూడా అద్దె బాకీకీ, ఓనరు సొంత అవసరానికీ ఖాళీ చేయిస్తారు. తేడా అంతా, అవసరం అబద్ధమైతే ఓనరు జవాబు చెప్పాల్సి రావడంలో ఉంది.

కర్ణాటక శాసనసభ చేయాల్సింది పెద్ద విప్లవమేమీ కాదు. 3,500 గీత చెరిపేసి, రెండు నెలలకు మించి అడ్వాన్సు తీసుకోవడాన్ని నిషేధించి, సొంత అవసరమని ఖాళీ చేయించి వెంటనే మరొకరికిచ్చిన ఓనరు మీద జరిమానా పెడితే, ఇవాళ్టి దుస్థితి సగం తగ్గుతుంది. మిగిలిన సగం కోర్టుల వేగం మీద ఉంది, అది ఓనర్లకు మనం బాకీ ఉన్న న్యాయం.

అంతవరకు బెంగళూరులో అద్దెకుండే తెలుగు పాఠకులకు చెప్పేది ఇది. అడ్వాన్సు నగదుగా ఇవ్వకండి, బ్యాంకు ద్వారా పంపండి. వాపసు గడువు, కోతల లెక్క అగ్రిమెంటులో రాయించుకోండి. లీజుకు తీసుకుంటే ఇంటిమీద రుణం ఉందేమో ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్‌లో చూసి, అసలు ఓనరుతోనే సంతకం చేయించి రిజిస్టరు చేయించుకోండి. ఎప్పుడైనా తాళం మార్చి మిమ్మల్ని బయట నిలబెడితే, ఆ రోజు ఫొటోలూ సాక్షులూ ఉంచుకుని లాయరు దగ్గరికి వెళ్లండి. 6వ సెక్షను ఇచ్చే ఆరు నెలల గడువు గెంటేసిన రోజు నుంచే లెక్కకు వస్తుంది, ఓనరుతో రాజీ మాటలు నడుస్తున్నాయన్న కారణంతో అది ఆగదు.